చంటాడి చెట్టు

రెడ్డిగూడెం దాటాక ఎర్రమట్టి డొంక ఒకటి తోటల్లోకి దిగుతుంది. ఆ డొంక వారనే లక్ష్మీనరసింహారావుగారి మామిడితోట. తోటలో చెట్లన్నీ తాడు పట్టి నాటినట్టు వరసల్లో ఉంటాయి, ఒక్కటి తప్ప. ఆ ఒక్కటీ కంచె పక్కన, బళ్ల దుమ్మూ ట్రాక్టర్ల దుమ్మూ అంతా తన నెత్తినే పోసుకుంటూ నిలబడి ఉంటుంది. తోట చూడ్డానికి వచ్చిన బేరగాళ్లెవరైనా "ఇదేంటండీ, వరస తప్పింది" అంటే రావుగారు వినపడనట్టు ముందుకు నడిచేవారు. ఆయన నోటి దురుసు చుట్టుపక్కల తోటలన్నిటికీ తెలుసు. ఆ చెట్టు విషయంలో మాత్రం ఆ నోరు ఎప్పుడూ లేవలేదు.

అది చంటాడి చెట్టు. తోట కాపలాకి ఉండే పెద్దిరాజు, కనకమ్మల ఒక్కగానొక్క కొడుకు దాని వేళ్ల కింద ఉన్నాడు. పసివాళ్లని కాల్చరు, పూడుస్తారు. సొంతానికి చారెడు నేల లేని పెద్దిరాజు గుడ్డలో చుట్టిన బిడ్డని చేతుల మీద పెట్టుకుని వెళ్లి నిలబడితే, రావుగారు ఒక్క మాట అడక్కుండా కంచె వార చోటు చూపించారు. మట్టి కప్పి, నక్కలు తవ్వకుండా ముళ్లకంప వేసి, ఆ పక్కనే పెద్దిరాజు ఒక మామిడి టెంక పాతాడు.

వాడికి పేరు లేక కాదు. తాత పేరే, సాంబయ్య అని పెట్టారు. కానీ నానమ్మ నాగేంద్రమ్మ పోయిన మొగుడి పేరు నోటితో అనదు కదా, చంటాడా, చంటాడా అని పిలిచింది. ఆవిడ పిలుపే అందరికీ నిలిచిపోయింది. నడక నేర్చుకునే వయసులో, ఒక ఎండాకాలం, విరేచనాలు పట్టుకుని వాడు పోయాడు. సొంత పేరుతో ఒక్కసారైనా పిలిపించుకోకుండానే పోయాడు. తరవాత కనకమ్మకి మళ్లీ కడుపు పండలేదు.

అందుకని ఆవిడ ఆ చెట్టుని పెంచింది. నీళ్లు పోసి ఊరుకునే పెంపకం కాదు. పండగపూట చెట్టు మొదట్లో పసుపునీళ్లు పోసేది. శనివారం శనివారం ఉప్పుతో దిష్టి తీసేది. పెద్దిరాజు నవ్వితే "నవ్వుతావేంటి మావా, ఉంటే ఈపాటికి బళ్లో ఉండేవాడు" అనేది. తోటల్లో కూలికొచ్చే ఆడవాళ్లు కనకమ్మకి చెట్టు పిచ్చి అని చెవులు కొరుక్కునేవాళ్లు. కొరుక్కోనీండి. బిడ్డని మట్టిలో పెట్టి కూడా ఏ పిచ్చీ పట్టని తల్లి ఉంటే, అలాంటి మనిషిని చూసి భయపడాలి.

ఏడేళ్లకి, పుష్యమాసంలో, ఆ చెట్టు తొలిసారి పూత పట్టింది. ఆ పొద్దున కనకమ్మ పూతకొమ్మ కింద నిలబడి చాలాసేపు కదల్లేదు. ఆవిడకి కావలసింది ఒక్కటే పండు. దాన్ని ముందు చెట్టు మొదట్లో, వాడు పడుకున్న చోట పెట్టాలి. ఆ తరవాత తనూ మొగుడూ అత్తా తలో ముక్కా తినాలి. దేవుణ్ణి ఇంకేమీ అడగలేదు. అడిగినదానికి మాత్రం ప్రాణమంతా పెట్టుకుంది.

పూతతోపాటే తేనెమంచు పురుగూ వచ్చింది. నువ్వుగింజంత పురుగు, పూత రసం పీల్చి, ఆకుల మీద జిగురు కార్చి, చెట్టుకి చెట్టునే మాడ్చేస్తుంది. ముందేడు ఆ దెబ్బకి సగం తోట కాపు లేకుండా పోయింది. రావుగారు ఈసారి పంతం పట్టారు. గుంటూరువైపు పత్తికి కొడుతున్న కొత్త మందు తెప్పించారు. దీని వాసనకే పురుగు చస్తుందని కొట్లో వాడు చెప్పాడట. కొట్లో వాళ్లు చెప్పనిదేముంది. పంపు కనకమ్మ కాలితో తొక్కేది, గొట్టం పెద్దిరాజు పట్టేవాడు. పురుగైతే నిజంగానే రాలింది, చెట్ల కింద చీపురుతో ఊడ్చేంత రాలింది. దాంతో రావుగారికి మందు మీద గురి కుదిరింది. పురుగు ఉన్నా లేకపోయినా పది రోజులకోసారి కొట్టాల్సిందే అన్నారు.

మందు వరసల్లో చెట్లకే. డ్రమ్ము అడుగున మిగిలింది పారబోయమనేవారు. కనకమ్మ పారబోయనిస్తేగా.

"అంత మంచి మందు నేలపాలు చేస్తావా మావా? మనోడికి కొట్టు."

పెద్దిరాజు కొట్టేవాడు. ఒకసారి తడిపి, ఇంకా మిగిలితే మళ్లీ తడిపేవాడు. అలా రావుగారి చెట్లకంటే చంటాడి చెట్టుకే ఎక్కువ మందు పడింది. ఆకులు నిగనిగలాడుతుంటే కనకమ్మ మొహం చేటంతయ్యేది. పెద్దింటి వైద్యం తన బిడ్డకీ అందిందని ఆవిడ సంబరం. ఆ బిడ్డకి బతికున్నప్పుడు ఏ వైద్యమూ అందలేదు మరి.

మాఘమాసం దాటేసరికి పిందె కట్టింది. వేలు పెట్టి చూపిస్తే దిష్టి తగులుతుందని కనకమ్మ చేతులు వెనక్కి కట్టుకుని చూసేది. అలాంటి రోజుల్లో ఒక పొద్దున, బిందె చంకన పెట్టుకుని డొంక మీద వస్తుంటే చెట్టు తల మీద రాగిరంగు కనబడింది. మామిడి చిగురు ఆ రంగులోనే వస్తుంది. తోటల్లో పుట్టి పెరిగినవాళ్లకి ఆ రంగు కంటబడితే ప్రాణం లేచొస్తుంది. కనకమ్మ గుడిసె దగ్గరికి ఒక్క పరుగున వచ్చింది.

"అత్తా, చంటాడి చెట్టు చిగురేసింది."

నాగేంద్రమ్మ కళ్లకి చెయ్యి అడ్డం పెట్టుకుని చూసింది. "అవునే, చిగురే" అంది. పెద్దిరాజు కూడా చిగురే అన్నాడు. ముగ్గురికీ మామిడి చెట్ల మధ్యే తెల్లవారుతుంది, మామిడి చెట్ల మధ్యే పొద్దుగూకుతుంది. పిందె మీదున్న చెట్టు అలా ఒళ్లంతా చిగురు వెయ్యడం వింత అని వాళ్లకి తట్టి ఉండాల్సింది. ఒక్కరైనా దగ్గరికెళ్లి ఆకు పట్టుకు చూసి ఉండాల్సింది. చూడలేదు. చిగురనుకుంటేనే వాళ్లకి సంతోషంగా ఉంది. ఆ చిగురుకి పురుగు పట్టకూడదని ఆ వారం మందు ఇంకో రెండు తడుపులు ఎక్కువ కొట్టారు.

తరవాత ఆకులు రాలడం మొదలుపెట్టాయి. కనకమ్మ ఒకటి చేతిలోకి తీసుకుంది. చిగురాకు మెత్తగా ఉంటుంది. ఇది ముదురాకు, గరుకుగా ఉంది. పైన బూడిద చల్లినట్టుంది, ఈనె వెంట సన్నటి బూజు అల్లుకుని ఉంది. చిగురు రంగు కాదది, చెట్టు మాడిపోతున్న రంగు. ఆకుల వెనకే పిందెలూ రాలాయి. ఆవిడ ఒక్కొక్కటే ఏరి ఒళ్లో వేసుకుని, వాటిని ఎక్కడ పారెయ్యాలో తెలియక సాయంత్రం దాకా అలాగే కూర్చుంది.

అప్పటికి డొంకవైపు వరసల్లో బంగినపల్లి చెట్లకీ ఆ రంగు తిరిగింది. రావుగారు వచ్చి చూశారు. చూస్తూనే మొహం మాడిపోయింది.

"ఈ తెగులు ఇక్కణ్ణుంచే పాకింది పెద్దిరాజూ. ఈ చెట్టు కొట్టేసి తగలబెట్టు."

పెద్దిరాజు తల వంచుకుని నిలబడ్డాడు. రావుగారు గొంతు తగ్గించారు. "ఇన్నేళ్లలో దీని గురించి ఒక్క మాటన్నానా? అన్లేదుగా. తోటంతా తగలడిపోతుంటే చూస్తూ కూర్చోమంటావా, నువ్వే చెప్పు."

కనకమ్మ వచ్చి ఆయనకీ చెట్టుకీ మధ్య నిలబడింది. ఆయన ముందు ఆవిడ ఎప్పుడూ అలా నిలబడి ఎరగదు.

"ఆఫీసోళ్లకి ఒక్కసారి చూపించండి బాబుగారూ. ఆళ్లు కూడా కొట్టెయ్యమంటే గొడ్డలి నేనే అందిస్తానండీ."

రావుగారు కాసేపు ఆవిడ మొహంలోకి చూసి, సరేనన్నారు. నూజివీడు కబురు పంపారు.

మర్నాడు తోటల ఆఫీసు నుంచి సలోమోను అనే ఆయన సైకిలు మీద వచ్చాడు. నడివయసు మనిషి, నవ్వుమొహం. చంటాడి చెట్టు కింద తెల్లకాగితం పట్టుకుని, ఒక కొమ్మని దాని మీద రెండుసార్లు తట్టాడు. కాగితం మీద ఎర్రటి నలుసులు రాలాయి. చూస్తుండగా ఆ నలుసులు నడిచాయి.

"తెగులు కాదండి ఇది, ఎర్రనల్లి. సాలీడు జాతి. ఆకు రసం పీల్చేస్తుంది, అందుకే ఆ రాగిరంగు."

"పది రోజులకోసారి మందు కొడుతూనే ఉన్నాంగా" అన్నారు రావుగారు.

"కొట్టబట్టే వచ్చిందండి. ఆ మందుకి నల్లి చావదు. నల్లిని తినే పురుగులుంటాయి, ఆవగింజంత నల్లపురుగులు, అక్షింతల పురుగుల జాతివే. అవి చస్తాయి. అవి పోయాక ఇంక నల్లికి అడ్డెవరు?" ఆయన మళ్లీ చెట్టు పైకి చూశాడు. "దీనికి మరీ ఇంతుందేంటి? దీనికేమైనా ఎక్కువ కొట్టారా?"

పెద్దిరాజు పెళ్లాం వైపు చూశాడు.

"మిగిలిందల్లా దీనికే కొట్టామండీ" అంది కనకమ్మ.

"అదీ సంగతి. దానికి తోడు డొంక దుమ్ము. దుమ్ము పట్టిన ఆకంటే నల్లికి పండగ."

ఆయన ఎవరినీ తప్పు పట్టే గొంతుతో అనలేదు. అయినా ఆ మాట కనకమ్మ గుండెల్లో దిగబడింది. మంచిదని, ఒకటికి రెండుసార్లు, చేతులారా కొట్టించింది తనే.

"మరిప్పుడు ఏ మందు కొట్టాలి?" అన్నారు రావుగారు.

"ముందు ఆ మందు ఆపెయ్యండి. పంపు శుభ్రంగా కడిగి, నీళ్లు కొట్టించండి. ఆకు పైనా కిందా తడిసి కారిపోవాలి. పొద్దుటిపూట, రోజు విడిచి రోజు. డొంక మీద కూడా చల్లించండి, దుమ్ము లేవకుండా. మబ్బు పట్టిన సాయంత్రం చూసి, నీళ్లలో కలిసే గంధకం ఒకసారి కొట్టుకోవచ్చు. ఎండలో కొడితే ఆకు మాడుతుంది, జాగ్రత్త. చెట్టు కొట్టెయ్యక్కర్లేదు."

"ఒట్టి నీళ్లా?" రావుగారి గొంతులో నమ్మకం లేదు.

సలోమోను నవ్వాడు. "ఒట్టి నీళ్లని తీసిపారెయ్యకండి. విరేచనాలు పట్టిన పిల్లాడికి ముందు పట్టాల్సింది నీళ్లే కదండీ. ఉప్పూ పంచదారా కలిపి పట్టమని రేడియోలో రోజూ మొత్తుకుంటున్నారు. ఈ చెట్టూ అంతే అనుకోండి."

ఆ చెట్టు కింద ఎవరున్నారో ఆయనకి తెలియదు. తెలిసుంటే ఆ పోలిక తెచ్చేవాడు కాదు. రావుగారు పక్కకి తిరిగి దగ్గారు. పెద్దిరాజు నేల చూపులు చూశాడు. గుడిసె ముందు కూర్చున్న నాగేంద్రమ్మ చేతిలో చేట ఆగిపోయింది.

కనకమ్మే అడిగింది. "విరేచనాలప్పుడు నీళ్లు పొయ్యొచ్చాండీ?"

"పొయ్యకపోతేనే ప్రమాదమమ్మా. ఒంట్లో నీరంతా పోయి పిల్లాడు దక్కడు. గుక్క గుక్కగా, అడిగినన్ని పట్టాలి" అన్నాడాయన, కాగితం మడిచి జేబులో పెట్టుకుంటూ.

కనకమ్మ ఏడవలేదు. తిన్నగా వెళ్లి పంపు ముందేసుకుని కడగడం మొదలుపెట్టింది. కడిగిందే కడిగింది.

ఆవిడకి ఒక రహస్యం ఉంది. మొగుడికి కూడా చెప్పనిది. చంటాడికి జబ్బు చేసినప్పుడు "నీళ్లు పొయ్యొద్దే, పోసినకొద్దీ పోతాయి" అంది నాగేంద్రమ్మ. ఆవిడ ఒక్కతే కాదు, ఊరంతా అదే అంది. కనకమ్మ తల్లి కూడా అదే చెప్పేది. వాడి పెదాలు ఎండి అట్టలు కట్టాయి. కళ్లు నీళ్లకుండ వైపే ఉండేవి. రెండో రోజు పొద్దున, అత్త పొయ్యి దగ్గర ఉండగా, కనకమ్మ ఉండబట్టలేక చెంబు ముంచి వాడి నోటికి పెట్టింది. మధ్యాహ్నానికి వాడు పోయాడు. అత్త మాట జవదాటి తను పట్టిన ఆ గుక్కే బిడ్డని తీసుకుపోయిందని ఏడేళ్లుగా ఆవిడ నమ్మకం. చెట్టుకి చేసిన సేవలో ప్రేమ ఎంతుందో, ఆ భయం అంతుంది.

మర్నాటి నుంచి మొగుడూ పెళ్లాం చెట్టుకి నీళ్లు కొట్టారు. ఎండలు ముదిరి బావిలో నీళ్లు అడుగంటాయి. కనకమ్మ బొక్కెన తర్వాత బొక్కెన చేది, డ్రమ్ము నింపి, పంపు తొక్కేది. గొట్టం లోంచి నీళ్లు ఆకుల మీద పడి ఎర్రగా, మురికిగా కిందికి కారేవి. తన చెట్టు అయ్యాక డొంక వార వరసలకి కొట్టేది. రావుగారు ట్యాంకరు పెట్టించి డొంక తడిపించారు. నాగేంద్రమ్మ మాత్రం ఆ రోజు నుంచీ ఎవరితోనూ సరిగ్గా మాట్లాడ్డం లేదు. కంచం ముందు కూర్చుని, రెండు ముద్దలు తిని లేచిపోయేది.

ఒక మబ్బు సాయంత్రం గంధకం కూడా కొట్టారు. చైత్రం వెళ్లేసరికి ఆకు రాలడం ఆగింది. ఉన్న ఆకులకి రంగు తిరిగింది. ఒక రోజు పెద్దిరాజు ఆకు తిప్పి చూసి, ఆవగింజంత నల్లపురుగు తిరుగుతోందని చూపించాడు. పిందె మాత్రం ఒక్కటి కూడా నిలవలేదు. ఆ ఏటికి పండు లేదు. అయినా చెట్టు బతికింది.

రావుగారు వచ్చి చుట్టూ తిరిగి చూశారు. ఆయన మెచ్చుకోలు దొరకడం తోటలో ఎవరికీ తేలిక కాదు.

"నీళ్లతో బతికించావు కనకమ్మా. నేనైతే కొట్టించేసేవాణ్ణి" అన్నారు.

కూలి ఆడవాళ్లూ అదే అన్నారు. నీళ్లతోనే బతికిందంట, ఒట్టి నీళ్లతోనే అని చెప్పుకున్నారు. వాళ్లు మంచి మాటే అన్నారు. కనకమ్మకి ఒక్కో మాటా వాతలా తగిలింది. పచ్చబడే ప్రతి ఆకూ ఆవిడకి అదే చెప్పింది. నీళ్లతో బతికేవాడే.

ఆ సాయంత్రం ఆవిడ చెట్టు మొదట్లో కూర్చుని ఉంటే నాగేంద్రమ్మ వచ్చి పక్కన కూలబడింది.

"నీళ్లొద్దన్నది నేనేనే కనకం. నా నోటితో నేనే చంపుకున్నా వాణ్ణి. ఇన్నేళ్లూ నువ్వు నన్ను ఒక్క మాటన్లేదు. ఇప్పుడైనా అను."

కనకమ్మ తల అడ్డంగా ఊపింది. "నేను పోశానత్తా" అంది.

"ఏంటే?"

"ఆఖరి పొద్దున. నువ్వు పొయ్యికాడున్నావు. చెంబుతో ఒక్క గుక్క పట్టాను. ఆ గుక్కకే వాడు పోయాడనుకున్నా ఇన్నాళ్లూ."

నాగేంద్రమ్మ గబుక్కున కోడలి చెయ్యి పట్టుకుంది. ఆవిడ మొహంలోకి ఎక్కడిదో కాస్త వెలుగొచ్చింది. "నీళ్లు చంపవంటే, పిచ్చిదానా. ఆయన చెప్పాడుగా, నువ్వూ విన్నావుగా. నా మాట వినకుండా మంచే చేశావు. నీ తప్పేం లేదే తల్లీ."

"ఉందత్తా."

కనకమ్మ గొంతు నెమ్మదిగానే ఉంది. కళ్లు మాత్రం ఆ మట్టి మీదే ఉన్నాయి.

"గుక్క తాగాక వాడు చెంబు ఒదల్లేదు. ఇంకా కావాలని రెండు చేతుల్తో పట్టుకున్నాడు. లేవలేని పిల్లాడు, ఎంత గట్టిగా పట్టుకున్నాడో. నువ్వొస్తావని భయమేసింది. వాడి వేళ్లు ఒక్కోటీ ఊడదీసి, చెంబు లాగేసుకున్నాను."

నాగేంద్రమ్మ పట్టుకున్న చెయ్యి వదల్లేదు. పెద్దిరాజు అన్నానికి పిలిచినా ఇద్దరూ లేవలేదు.